లాట్కెలు: నీళ్లు పిండడంలోనే ఉంది కరకర అంతా

తురిమిన బంగాళాదుంపలో ఎంత నీరుంటుందో చేత్తో పిండి చూసేదాకా నమ్మబుద్ధి కాదు. కిలో దుంపలు తురిమి, పాత పంచె ముక్కలో మూటగట్టి మెలిపెడితే గ్లాసుడు నీళ్లు కారతాయి. లాట్కెలు, అంటే యూదుల బంగాళాదుంప బిళ్లలు, మెత్తగా వచ్చాయని, నూనె పీల్చాయని, పెనంలో విడిపోయాయని బాధపడేవాళ్లలో ఎక్కువమంది ఆ నీళ్లను దుంపలోనే వదిలేసి ఉంటారు.

ఈ వంట నేను న్యూజెర్సీలో ఉన్నప్పుడు పక్కింటి యూదు పెద్దావిడ దగ్గర నేర్చుకున్నాను. ఆవిడ తాతముత్తాతలు పోలండ్ నుంచి వచ్చినవాళ్లు. మొదటిరోజు నా చేతికి ఆవిడ ఇచ్చింది ఒక నూలు గుడ్డ. "ఇంక చాలు అనిపించాక ఇంకోసారి పిండు" అంది. పన్నెండేళ్లుగా ప్రతి డిసెంబరులోనూ చేస్తున్నాను. ఆ మాటకు మించిన సలహా ఇంకెవరూ ఇవ్వలేదు.

ముందు నూనె, తరువాతే దుంప

లాట్కె అంటే తురిమిన బంగాళాదుంప, ఉల్లిపాయ, గుడ్డు కలిపి నూనెలో రెండు వైపులా ఎర్రగా వేయించిన బిళ్ల. తూర్పు ఐరోపా యూదులు, అంటే అష్కెనాజీలు, హనుక్కా పండుగకు దీన్ని తప్పకుండా చేసుకుంటారు. క్రీ.పూ. 164లో యూదుల తిరుగుబాటు నాయకుడు యూదా మక్కబీ, అతని వెంట ఉన్నవాళ్లు యెరూషలేము దేవాలయాన్ని సిరియాను ఏలిన గ్రీకు వంశం సెల్యూసిడ్ రాజు నాలుగో ఆంటియోకస్ సేనల చేతుల్లోంచి విడిపించి, శుద్ధి చేసి, తిరిగి ప్రతిష్ఠించారు. ఒక్కరోజుకు సరిపోయే ఒలీవ నూనెతో దీపం ఎనిమిది రోజులు వెలిగిందని యూదుల ధర్మగ్రంథం తాల్ముద్ చెబుతుంది. అందుకే యూదుల పంచాంగంలో కిస్లేవ్ నెల 25 నుంచి ఎనిమిది రాత్రులు దీపాలు పెడతారు, నూనెలో వేగినవి తింటారు. పండుగకు మూలం నూనె. అందులో ఏం వేగాలన్నది ఆ ఊళ్లో దొరికేదాన్ని బట్టి మారుతూ వచ్చింది.

బంగాళాదుంప దక్షిణ అమెరికా పంట. పోలండ్, ఉక్రెయిన్ పల్లెల్లో పేదల కడుపు నింపే పంటగా అది స్థిరపడింది 19వ శతాబ్దంలో. అంతకుముందు అక్కడి యూదులు బక్‌వీట్ పిండితోనో రై పిండితోనో అట్లు వేసుకునేవాళ్లు. ఒలీవ చెట్లు లేని చలిదేశం కాబట్టి నూనె బదులు బాతు కొవ్వు వాడేవాళ్లు. శీతాకాలం మొదట్లో బాతుల్ని కోసి, కొవ్వు కరిగించి జాడీల్లో పోసి దాచేవాళ్లు. దాన్నే ష్మాల్ట్స్ అంటారు. చుట్టుపక్కల ఉక్రెయిన్ వాళ్ల దెరునీ, బెలారూస్ వాళ్ల ద్రానికీ కూడా దుంప అట్లే. ఒకే పొలం పంట ఒక్కో ఇంట్లో ఒక్కో పేరు తెచ్చుకుంది.

లాట్కె అన్న మాట ఆ తూర్పు ఐరోపా యూదులు మాట్లాడే యిద్దిష్ భాషది. తూర్పు స్లావిక్ భాషల్లోని "అలాద్కా" నుంచి వచ్చింది. దాన్ని ఇంకా వెనక్కి తవ్వుకుంటూ పోతే ఒలీవ నూనె అనే అర్థమున్న గ్రీకు మాట దగ్గర తేలుతుంది. దుంప చేరకముందే ఆ పేరులో నూనె ఉందన్నమాట. ఈ సంగతి తెలిసిన రోజున నాకు చాలా సంతోషం కలిగింది.

తెలుగు నేలకూ యూదు పండుగలు పూర్తిగా పరాయివి కావు. గుంటూరు ప్రాంతంలో చేబ్రోలు దగ్గర కొత్తరెడ్డిపాలెంలో బెనె ఎఫ్రాయిం అని తమను తాము పిలుచుకునే చిన్న సమాజం ఉంది. ఇంట్లో తెలుగే మాట్లాడతారు, యూదు ఆచారాలు పాటిస్తారు. కలకత్తాలో స్థిరపడిన బాగ్దాదీ యూదులైతే బంగాళాదుంపను ఇంకో దారి పట్టించారు. దుంపల్ని తొక్క తీసి, ఉప్పు, పసుపు వేసి కాస్త ఉడికించి, నూనెలో నిదానంగా పైపెంకు గట్టిపడేదాకా వేయిస్తారు. పేరు ఆలూ మకల్లా. రుచి చూడాల్సిన వంట అది, కానీ లాట్కె కాదు.

కోషర్ సంగతి, ఒక్క ముక్కలో

కోషర్ అనే యూదుల ఆహార నియమాల్లో మాంసాన్నీ పాలనూ కలిపి తినకూడదు. బాతు కొవ్వు మాంసం కిందికి వస్తుంది. దానిలో వేయించిన లాట్కె మీద మీగడో పుల్లటి క్రీమో వేసుకోవడానికి వీల్లేదు. గింజల నూనెలో వేయిస్తే అది పార్వే, అంటే అటూ ఇటూ కానిది. మాంసం భోజనంలోనూ పెట్టుకోవచ్చు, పాల భోజనంలోనూ పెట్టుకోవచ్చు. అమెరికాలో 1911లో క్రిస్కో అనే వనస్పతి బజారులోకి వచ్చాక యూదు గృహిణుల్ని అది అంతగా ఆకట్టుకోవడానికి కారణం ఇదే. 1933లో ఆ కంపెనీ యిద్దిష్‌లోనూ ఇంగ్లీషులోనూ వంటల పుస్తకమే అచ్చువేసి పంచింది. లాట్కె పక్కన క్రీమ్ గిన్నె ధైర్యంగా కూర్చోవడం వెనక ఇంత కథ ఉంది.

గుడ్లు నేరుగా గిన్నెలో కొట్టకుండా ఒక్కొక్కటీ గ్లాసులో కొట్టి చూసుకోవడం కూడా ఈ నియమాల్లోదే. రక్తపు చుక్క కనిపిస్తే ఆ గుడ్డు పారేస్తారు. ఏ వంటింట్లోనైనా మంచి అలవాటే.

కావలసినవి

సుమారు ఇరవై లాట్కెలకు:

బంగాళాదుంపలు కిలో
పెద్ద ఉల్లిపాయ ఒకటి, సుమారు 200 గ్రాములు
గుడ్లు రెండు
మాత్సో పొడి మూడు నాలుగు టేబుల్ స్పూన్లు
ఉప్పు ఒకటిన్నర టీస్పూను
మిరియాల పొడి అర టీస్పూను
వేయించడానికి వేరుసెనగ నూనె లేదా సన్‌ఫ్లవర్ నూనె

మాత్సో అంటే పస్కా పండుగకు చేసే పులియని రొట్టె. దాన్ని పొడి చేసి అమ్ముతారు. మన ఊళ్లలో దొరకదు కాబట్టి బ్రెడ్ పొడి వాడండి, అదీ లేకపోతే మైదా. మైదా అయితే రెండు స్పూన్లు చాలు. ఎక్కువైతే పుణుకు తిన్నట్టు ఉంటుంది.

పచ్చిమిర్చి, జీలకర్ర, కొత్తిమీర వేయాలని చెయ్యి లాగుతుంది. నాకూ లాగింది. మొదటిసారికి మాత్రం వద్దు. దుంప, ఉల్లి, ఉప్పు, మిరియం, వేడి నూనె, ఈ అయిదింటితోనే ఎంత రుచి వస్తుందో ఒకసారి తెలుసుకున్నాక మీ ఇష్టం.

దుంప ఎంపిక

పిండి ఎక్కువ, నీరు తక్కువ ఉన్న దుంప కావాలి. అమెరికాలో ఉన్నవాళ్లకు రస్సెట్ దుంప సరిగ్గా సరిపోతుంది. ఇండియాలో చిప్స్ కోసమే పుట్టించిన కుఫ్రి చిప్సోనా రకం దొరికితే వదలొద్దు. లేత తొక్కతో, గోటితో గీస్తే ఊడొచ్చే కొత్త దుంపల్లో నీరెక్కువ. కూరకు బాగుంటాయి, దీనికి పనికిరావు.

ఇంకో సంగతి ఉంది. కోల్డ్ స్టోరేజీలో చాలాకాలం ఉన్న దుంపలో పిండి కొంత చక్కెరగా మారిపోతుంది. అలాంటిది నూనెలో వేయగానే పైన నల్లబడుతుంది, లోపల పచ్చిగానే ఉంటుంది. మంట తప్పేమో అనుకుని తికమకపడతాం. బజారు నుంచి తెచ్చిన దుంపల్ని వారం పదిరోజులు వంటింట్లో చీకటిగా, గాలి తగిలే చోట ఉంచితే ఆ చక్కెర చాలావరకు తగ్గుతుంది. ఫ్రిజ్‌లో మాత్రం పెట్టకండి, ఇంకా పెరుగుతుంది.

తురమడం

దుంపల తొక్క తీసి, వెంటనే తురమలేకపోతే అలాగే గుండుగా నీళ్లలో వేసి ఉంచండి. తురిమాక మాత్రం నీళ్లలో వేయకూడదు. మనం వేపుడికీ చిప్స్‌కీ దుంప ముక్కల్ని రెండు మూడు నీళ్లు పోసి కడుగుతాం, పిండి పోతే విడివిడిగా వేగుతాయని. ఇక్కడ ఆ పిండే లాట్కెను పట్టి ఉంచే జిగురు. చేతి అలవాటు కొద్దీ కడిగేస్తే తరువాత గుడ్లు, మైదా పోస్తూ దిద్దుకోవాలి.

తురుము పీట మీద పెద్ద కన్నాలవైపు పట్టి, దుంపను పొడుగు దిశలో రుద్దండి. పోగులు ఎంత పొడుగ్గా వస్తే అంచులు అంత కరకరలాడతాయి. మూడు వంతుల దుంప ఇలా పెద్ద పోగులుగా, మిగిలిన వంతు సన్న కన్నాల మీద ముద్దగా తురమడం నాకు నచ్చిన పద్ధతి. సన్న తురుము మధ్యలో మెత్తదనాన్ని ఇస్తుంది, పెద్ద పోగులు అంచుల్ని ఇస్తాయి. మొత్తం సన్నగా తురిమే ఇళ్లూ ఉన్నాయి, మొత్తం పోగులుగా తురిమే ఇళ్లూ ఉన్నాయి. ఎవరింటి పద్ధతి వాళ్లకు అమ్మమ్మ చేతి పద్ధతి. ఫుడ్ ప్రాసెసర్ ఉంటే తురుము బిళ్ల పెట్టి దుంపను అడ్డంగా పడుకోబెట్టి నెట్టండి. మిక్సీ జారులో మాత్రం వేయకండి, పచ్చడైపోతుంది.

రెండు దుంపలు తురిమాక కాస్త ఉల్లిపాయ, మళ్లీ దుంప, మళ్లీ ఉల్లిపాయ, ఇలా మార్చి మార్చి తురమండి. దుంప గాలి తగిలి ఎర్రబడి, ఆపైన బూడిద రంగుకు తిరుగుతుంది. ఉల్లి రసం ఆ మార్పును నెమ్మదింపజేస్తుంది. చివరి చిన్నముక్క కోసం పంతం పట్టొద్దు, వేళ్లు గీసుకుంటాయి. దాన్ని సాంబారులో వేసుకోండి.

పిండడం

పల్చటి నూలు గుడ్డ, బాగా ఉతికింది, సబ్బు వాసన లేనిది తీసుకోండి. తురుములో సగం అందులో వేసి, నాలుగు కొసలూ కలిపి, ఒక లోతైన గిన్నె మీద పట్టుకుని మెలిపెట్టండి. చెక్క గరిటె కాడను ముడిలో దూర్చి తిప్పితే బలం ఎక్కువ వస్తుంది. ధార ఆగాక మూట విప్పి, తురుమును చేత్తో కదిపి, మళ్లీ కట్టి మళ్లీ పిండండి. రెండోసారి కూడా నీళ్లు వస్తాయి. పిండిన తురుమును వేళ్ల మధ్య నలిపితే తడి తగలాలి గానీ చెమ్మ కారకూడదు.

ఆ నీళ్లు పారబోయకండి. పది నిమిషాలు కదపకుండా పక్కన పెట్టండి. పైన ఎర్రటి నీళ్లు తేలి, అడుగున తెల్లగా సున్నంలా పిండి పేరుకుంటుంది. గిన్నెను నిదానంగా వంచి నీళ్లన్నీ వంపేస్తే అడుగున పిండి గట్టిగా అతుక్కుని ఉంటుంది. చెంచాతో గీకి, తురుములో కలపండి. నన్నడిగితే వంట మొత్తంలో ముచ్చటైన ఘట్టం ఇదే. దుంపలోంచి తీసిందాన్నే దుంపకు తిరిగి ఇస్తున్నాం, నీళ్లు మినహాయించి.

ఇప్పుడు గుడ్లు గిలకొట్టి పోసి, మాత్సో పొడి, మిరియాల పొడి వేసి వేళ్లతో విడదీస్తూ కలపండి. ఉప్పు మాత్రం నూనె కాగుతుండగా, చిట్టచివర వేయండి. ఉప్పు తగలగానే దుంప మళ్లీ నీరు వదలడం మొదలుపెడుతుంది. పావుగంట ముందు వేశారంటే పిండిన శ్రమంతా వృథా.

గుడ్డు తిననివాళ్లు ఒక దుంపను ఉడికించి మెత్తగా చిదిపి కలుపుకోవచ్చు, దానితోపాటు రెండు స్పూన్ల మొక్కజొన్న పిండి. బిళ్ల నిలుస్తుంది. అయితే తిప్పేటప్పుడు చెయ్యి ఇంకా మెత్తగా పడాలి, బిళ్లలు కాస్త చిన్నవి వేసుకోవాలి.

వేయించడం

ఇది అట్టులాగా నూనె చిలకరించి కాల్చేది కాదు, గారెలా మునిగేలా వేయించేదీ కాదు. అడుగు మందంగా ఉన్న వెడల్పాటి మూకుడో ఇనప పెనమో పెట్టి, అర సెంటీమీటరు లోతుకు నూనె పోయండి. 25 సెంటీమీటర్ల పెనానికి పావు లీటరు పడుతుంది. లాట్కె సగం నూనెలో, సగం పైన ఉండాలి. నూనెకు జంకితే ఈ వంట రాదు. తక్కువ నూనెలో వేసింది మచ్చలు మచ్చలుగా కాలుతుంది, పైగా ఎక్కువసేపు ఉండి ఎక్కువ నూనె పీలుస్తుంది.

థర్మామీటరు ఉంటే 180 డిగ్రీల సెల్సియస్ దగ్గర మొదలుపెట్టండి. లేకపోతే ఒక దుంప పోగు వేసి చూడండి. వెంటనే చుట్టూ బుడగలు లేచి నిమిషం లోపు బంగారు రంగుకు తిరిగితే నూనె సిద్ధం. పొగ వస్తే మించిపోయింది, పొయ్యి తగ్గించి ఆగండి. ఎక్స్‌ట్రా వర్జిన్ ఒలీవ నూనె పండుగ కథకు దగ్గరిదే అయినా త్వరగా పొగ పట్టి చేదెక్కుతుంది. నేను వేరుసెనగ నూనెనే నమ్ముకున్నాను.

రెండు స్పూన్ల తురుము అరచేతిలోకి తీసుకుని, గిన్నె మీదే ఒక్కసారి తేలిగ్గా నొక్కితే దిగిన నీరు కారిపోతుంది. నూనెలో మెల్లగా జారవిడిచి, అట్లకాడతో వేలెడు వెడల్పుకు మించకుండా అణచండి, మందం ఒక సెంటీమీటరు చాలు. అంచుల్ని సర్ది గుండ్రంగా చేయకండి. బయటికి చొచ్చుకొచ్చిన పోగులే ముందు ఎర్రబడి కరకరలాడేవి. ఒక వాయికి నాలుగు, మహా అయితే అయిదు. ఎక్కువ వేస్తే నూనె చల్లబడి ఉడికినట్టవుతాయి.

ఇక కదపకండి. మూడు నాలుగు నిమిషాల్లో అంచులు తేనె రంగుకు తిరుగుతాయి. అడుగు గట్టిపడ్డాక అట్లకాడ దూర్చి, మీ ఒంటికి దూరంగా, ఒక్కసారే తిప్పండి. రెండోవైపుకి మూడు నిమిషాలు. తిప్పిందాన్ని మళ్లీ మళ్లీ తిప్పితే విరుగుతుంది. తీశాక కాగితం మీద కాకుండా తీగ జాలీ మీద పెట్టండి. కాగితం మీద అడుగున ఆవిరి పట్టి, కష్టపడి తెచ్చిన కరకర రెండు నిమిషాల్లో పోతుంది. పైన చిటికెడు ఉప్పు వేడిమీదే చల్లండి.

వాయికీ వాయికీ మధ్య నూనెలో మిగిలిన పోగుల్ని చిల్లుల గరిటెతో తీసేయండి. లేకపోతే అవి మాడి తరువాతి వాయికి చేదు అంటుతుంది. తగ్గిన నూనె పోసి, మళ్లీ కాగనిచ్చి వేయండి. గిన్నె అడుగున మళ్లీ నీరు దిగి ఉంటుంది. దాన్ని కలపకుండా పైనున్న తురుమునే తీసుకోండి.

ఎప్పుడు, దేనితో

దీపాలు వెలుగుతున్నంతసేపు, కనీసం అరగంట, ఇంటి ఆడవాళ్లు పని ముట్టకూడదన్నది చాలా యూదు కుటుంబాల్లో ఆచారం. అందుకని మా పక్కింటావిడ దీపాలకు ముందే తురిమి పిండి, గుడ్డలోనే మూటగా ఉంచేది. దీపాల దగ్గర కూర్చుని పాటలు పాడుకుని, లేచి పెనం పెట్టేది. ఎనిమిది రోజుల్లో ఒక శుక్రవారం తప్పక వస్తుంది. ఆ సాయంత్రం సూర్యాస్తమయంతో యూదుల వారపు విశ్రాంతి దినం షబ్బాత్ మొదలవుతుంది, వంట చేయకూడదు. ఆరోజు ముందుగానే వేయించి, తక్కువ వేడి మీద ఉంచుకుంటారు. అప్పుడు కరకర కొంత తగ్గుతుంది, ఆ రాత్రికి అంతే.

పక్కన పెట్టుకునేది ఆపిల్ ముద్దా, పుల్లటి క్రీమా అని ప్రతి యూదు ఇంట్లోనూ వాదన ఉంటుంది. నాలుగు ఆపిళ్లు తొక్కతీసి ముక్కలు కోసి, పావు గ్లాసు నీళ్లతో మూతపెట్టి ఉడికించి గరిటెతో చిదిపితే ముద్ద సిద్ధం. పుల్లటి ఆపిల్ అయితే చెంచాడు చక్కెర, లేకపోతే అదీ వద్దు. క్రీమ్ దొరకనివాళ్లు గట్టి పెరుగును గుడ్డలో రెండు గంటలు వేలాడదీసి చిలకండి, ఏ లోటూ ఉండదు. నేను రెండూ పెడతాను, చేయి మాత్రం పెరుగు వైపే పోతుంది.

దుంప తురమని దారి: లీక్ కెఫ్తెలు

1492లో స్పెయిన్ నుంచి వెళ్లగొట్టబడిన యూదులు చాలామంది ఒట్టోమాన్ రాజ్యంలో, ఇప్పటి టర్కీ, గ్రీసు ఊళ్లలో స్థిరపడ్డారు. వాళ్ల లదీనో భాషలో "కెఫ్తెస్ దె ప్రాసా" అంటే లీక్ అనే ఉల్లి జాతి కాడల బిళ్లలు. రోష్ హషానా, అంటే యూదుల కొత్త సంవత్సరానికి తాల్ముద్ చెప్పిన శుభ పదార్థాల్లో సొరకాయ, మెంతుల జాతి గింజ, లీక్, బీట్, ఖర్జూరం ఉన్నాయి. లీక్‌కు ఉన్న పాత పేరు "కోసివేయడం" అనే మాటలా వినిపిస్తుంది కాబట్టి, శత్రువులు తెగిపోవాలని కోరుకుంటూ దాన్ని తింటారు. హనుక్కాకు, పస్కాకు కూడా చేస్తారు.

కిలో లీక్ కాడల తెల్లభాగం, లేతపచ్చభాగం సన్నగా తరిగి, ఇసుక పోయేదాకా మూడు నీళ్లలో కడిగి, ఉప్పునీళ్లలో పదిహేను నిమిషాలు మెత్తగా ఉడికించండి. చల్లార్చి పిండండి. ఉడికిన లీక్ నీళ్లను పట్టుకుని వదలదు కాబట్టి దుంప కన్నా ఓపిగ్గా పిండాలి. సన్నగా నలగ్గొట్టి, ఉడికించి చిదిమిన దుంప ఒకటి, గుడ్లు రెండు, మాత్సో పొడి లేదా బ్రెడ్ పొడి మూడు నాలుగు స్పూన్లు, ఉప్పు, మిరియాలు కలపండి. ముద్ద జారుగా ఉంటే పొడి ఇంకో స్పూను. బిళ్లలుగా చేసి, నూనె లాట్కెలకన్నా కాస్త తక్కువ వేడిలో ఉంచి, ఒక్కోవైపు మూడు నిమిషాలు వేయించండి. అంచులు కరకరలాడవు. లోపల తీపి, మెత్తదనం, ఇవే వీటి గుణాలు. నిమ్మకాయ పిండుకుని తింటారు. మన బజారులో లీక్ కనిపించకపోతే ఉల్లికాడలతో చేయొచ్చు. ఘాటు ఎక్కువ కాబట్టి ఉడికించేది ఇంకో అయిదు నిమిషాలు పెంచండి.

పాలకూర, సొరకాయలతోనూ ఇవే కొలతలు నడుస్తాయి. సొరకాయను తురిమి ఉప్పేసి ఇరవై నిమిషాలు ఉంచి పిండాలి. అందులో నీళ్లు ఉప్పుతోనే బయటికి వస్తాయి. బంగాళాదుంప విషయంలో ఉప్పు ఆఖర అన్నానే, ఇక్కడ మొదట.

మిగిలిన లాట్కెలను ఫ్రిజ్‌లో పెట్టి మర్నాడు మైక్రోవేవ్‌లో వేడి చేస్తే రబ్బరైపోతాయి. జాలీ మీద పూర్తిగా చల్లార్చి, ఒకదానికొకటి తగలకుండా ట్రేలో పరిచి గడ్డకట్టించి, డబ్బాలో వేసుకోండి. తినేముందు కరిగించకుండానే 220 డిగ్రీల అవెన్‌లో జాలీ మీద పెట్టి పన్నెండు, పదిహేను నిమిషాలు ఉంచితే నిన్న పెనంలోంచి తీసినంత కరకర తిరిగి వస్తుంది. అవెన్ లేనివాళ్లు ఇనప పెనం మీద చెంచాడు నూనె వేసి, మూత పెట్టకుండా సన్నటి మంట మీద రెండు వైపులా వేడిచేసుకోవచ్చు.